ముందు మెలకువని గీయండి

(యానిమేషన్‌లో కలల చిత్రణ మీద విజయనగరంలో విద్యార్థులకి చేసిన ప్రసంగానికి రాతరూపం. తెర మీద చూపించిన ముక్కల్ని ఇక్కడ మాటల్లో పెట్టాం.)

అందరికీ నమస్కారం. వెనకాల గోడకి ఆనుకున్నవాళ్ళు ముందుకి వచ్చేయండి. తెర చిన్నది, సన్నటి గీతలు అక్కణ్ణించి కనబడవు.

కెమెరాతో తీసే సినిమాలో మెలకువ ఉచితంగా వస్తుంది. గంటస్తంభం దగ్గర కెమెరా పెట్టి బటన్ నొక్కితే చాలు, ఆ వీధి నిజమేనని చూసేవాడు ఒప్పేసుకుంటాడు. అక్కడ అదనంగా పని పడేది కలకే. పొగ, నీలం లైటు, స్లో మోషను, లేదంటే హీరోహీరోయిన్లని ఉన్నట్టుండి మంచుకొండల మీద దింపేయడం. బొమ్మల సినిమాలో ఈ లెక్క తిరగబడుతుంది. వీధీ గీసిందే, మనిషీ గీసిందే, కలా గీసిందే. కుక్క మాట్లాడినా కుర్చీ నడిచినా ప్రేక్షకుడు 'సరే, ఈ లోకం ఇంతే' అనుకుని కూర్చుంటాడు. అందుకని మనకి కల గీయడం తేలిక, మెలకువని నమ్మించడమే కష్టం. ఆ నమ్మకం కుదరకపోతే తరవాత దాన్ని చెరిపినా ఎవరికీ పట్టదు. ఇవాళ చెప్పేదంతా దీని చుట్టూనే తిరుగుతుంది.

చరిత్ర కొంచెమే చెప్తాను. విన్సర్ మెకే అనే అమెరికన్ కార్టూనిస్టు 1905లో నీమో అనే పిల్లవాడి కలల్ని వార్తాపత్రికలో వారం వారం వెయ్యడం మొదలుపెట్టాడు. పేజీ నిండా ఎన్ని వింతలైనా జరుగుతాయి, మంచం కాళ్ళు మేడలంత సాగి ఊరు మీద నడిచిపోతాయి. చివరి గడిలో మాత్రం పిల్లవాడు మంచం మీద లేచి కూర్చునో, కిందపడో ఉంటాడు. కలకీ మెలకువకీ మధ్య ఆ గడే కంచె. అదే నీమోని 1911లో మెకే సుమారు 4,000 బొమ్మలు గీసి తెర మీద కదిలించాడు. ఆ తరవాత వందేళ్ళుగా జరిగిందంతా ఆ కంచెని ఎక్కడ పాతాలి, ఎప్పుడు పీకాలి అన్న పనే.

మనవాళ్ళకి ఈ సంగతి కొత్త కాదండీ. భాగవతంలో ఉషాపరిణయం గుర్తు తెచ్చుకోండి. ఉషకి కలలో ఒక యువకుడు కనబడ్డాడు, పేరు తెలీదు. చెలికత్తె చిత్రలేఖ దేవతల్నీ గంధర్వుల్నీ రాజకుమారుల్నీ వరసగా పటం మీద గీస్తూ పోయింది. అనిరుద్ధుడి బొమ్మ రాగానే ఉష తల వంచుకుంది. అక్కడితో ఆగితే అది గుర్తుపట్టిన కథ మాత్రమే. చిత్రలేఖ ఆకాశమార్గాన ద్వారకకి వెళ్ళి, నిద్రపోతున్న వాణ్ణి నిద్రపోతున్నట్టే ఎత్తుకొచ్చేసింది! ఉషకి కల నిజమయింది, కళ్ళు తెరిచిన అనిరుద్ధుడికి నిజమే కలలా అయింది. రెంటికీ మధ్య వంతెన గీసిన బొమ్మ. మన వృత్తికి మొదటి మనిషిగా చిత్రలేఖనే చెప్పుకోవచ్చు.

ఇక పనిలోకి వద్దాం. షాట్ల వరసని బొమ్మల్లో వేసుకునే స్టోరీబోర్డు ముట్టుకోకముందు మెలకువ లోకానికి మూడు కట్టుబాట్లు రాసుకోండి. ఒకటి వెలుగు దిక్కు. నీడ ఎడమ నుంచి కుడికి పడుతుందంటే మెలకువ షాట్లన్నిట్లో అలాగే పడాలి. రెండు, నేల. నేలా ఆకాశమూ కలిసే హోరిజాన్ గీత ఏ ఎత్తులో ఉందో రాసుకోండి. మూడోది బరువు, అందరూ వదిలేసేది ఇదే. సెకనుకి 24 ఫ్రేముల లెక్కన, అయిదడుగుల ఎత్తు నుంచి చెంబు జారితే నేల తాకడానికి 13 ఫ్రేములు పడుతుంది. మెలకువలో ఒక్కసారైనా ఏదో ఒకటి ఇలా 13 ఫ్రేముల్లో పడెయ్యండి. తరవాత కలలో అదే ఎత్తు నుంచి అదే చెంబుని 20 ఫ్రేముల్లో దింపండి. చూసేవాడు ఫ్రేములు లెక్కపెట్టడు, అయినా ఏదో తేడాగా ఉందని వాడి ఒంటికి తెలిసిపోతుంది. మొదటి 13 చూపించకుండా రెండో 20 మాత్రం చూపిస్తే, 'వీడికి టైమింగ్ రాదు' అనుకుంటాడు. కల షాట్లు చూసి జనం నవ్వారంటే చాలాసార్లు తప్పు మెలకువ షాట్లలోనే దొరుకుతుంది.

ఇప్పుడొక అభ్యాసం. మొత్తం 14 సెకన్లు, అంటే 336 ఫ్రేములు. షాట్లు అయిదు. కాగితం తీసి రాసుకోండి.

మొదటి షాట్ 96 ఫ్రేములు. మేడ మీద దోమతెరలో పాప నిద్రపోతోంది. దోమతెర ఊగడానికి 8 బొమ్మల సైకిల్, ఒక్కో బొమ్మ 3 ఫ్రేములు, నాలుగుసార్లు తిరిగితే సరిపోతుంది. ఊపిరికి 3 బొమ్మలు. రెండో షాట్ 48 ఫ్రేములు, పాప లేచి తెర తొలగించడానికి చెయ్యి చాపుతుంది. మూడోదీ 48. అదే చెయ్యి, కానీ తొలగించేది షామియానా గుడ్డని. అవతల కోట ముందు జనం, సిరిమాను సంబరం, అంటే పైడితల్లి అమ్మవారి పండగలో పొడుగాటి మాను చివర పూజారిని కూర్చోబెట్టి ఊరేగించేది. నాలుగోది 96. పాప మాను చివర కూర్చుని ఉంది, మాను పైకీ కిందకీ ఊగుతోంది. అయిదోది 48. మాను కిందకి దిగుతుంది, తల దిండు మీద పడుతుంది. రెండు, మూడు, అయిదు షాట్లు టూస్ మీద, అంటే ఒక్కో బొమ్మని రెండేసి ఫ్రేములు ఉంచి చేస్తే ఒక్కోదానికి 24 బొమ్మలు. నాలుగో దానిలో మాను ఒకటే బొమ్మ, దాన్ని తిప్పుకోవచ్చు. జుట్టుకీ గుడ్డలకీ కలిపి 12 వేసుకోండి. అంతా కలిపితే 96 బొమ్మలు.

ఇందులో ప్రాణం రెండో షాట్ నుంచి మూడో షాట్‌కి వెళ్ళే కట్. చెయ్యి దోమతెరని తాకినప్పటి నుంచి పూర్తిగా తొలగించేదాకా 16 ఫ్రేముల కదలిక అనుకుంటే, మొదట్లోనూ చివర్లోనూ కొయ్యకండి. పదో ఫ్రేము దగ్గర కొయ్యండి. చెయ్యి జోరు మీద ఉంటుంది, కన్ను దాని వెనకే పరిగెడుతుంది, వెనకున్న లోకం మారిన సంగతి ఆలస్యంగా గమనిస్తుంది. కట్ తరవాత కదలికని రెండు ఫ్రేములు వెనక్కి జరిపి, అంటే తొమ్మిదో ఫ్రేము నుంచి మొదలుపెట్టండి. కట్ తగిలిన క్షణంలో కన్ను ఆ రెండు ఫ్రేముల్నీ జారవిడుస్తుంది. జరపకుండా పదకొండు నుంచే ఎత్తుకుంటే చెయ్యి గెంతినట్టు కనబడుతుంది. అరచెయ్యి ఫ్రేములో ఉన్న చోటూ, దాని సైజూ, కదిలే దిక్కూ మూడూ కలవాలి. కింద నుంచి వెలుగు వచ్చే లైట్ బాక్స్ మీద రెండు షాట్ల బొమ్మల్నీ ఒకదాని మీద ఒకటి పెట్టి చూసుకోండి. డప్పుల చప్పుడు కట్ కంటే 12 ఫ్రేములు ముందే మొదలవ్వాలి, పాప ఇంకా మేడ మీద ఉండగానే. చెవి ముందు దాటితే కన్ను అభ్యంతరం పెట్టదు.

దీన్ని చాలామంది మార్ఫింగ్‌తో చేస్తారు, దోమతెర మెల్లగా కరిగి షామియానాగా మారిపోతుంది. వద్దు. కరుగుతున్నంతసేపూ 'ఇదిగో మారుతోంది, చూడండి' అని మనమే వేలు పెట్టి చూపిస్తున్నట్టు ఉంటుంది. ఒక షాట్ మసకబారుతుండగా రెండోది తేలే డిజాల్వూ అంతే.

ఇంకొక చిక్కుంది, ఇది మన ఊరికే ప్రత్యేకం. సిరిమాను మీద కూర్చునేది పూజారి ఒక్కరే. పాప అక్కడ కనబడగానే విజయనగరం ప్రేక్షకుడికి అది కల అని అర సెకనులో తెలిసిపోతుంది, పొగ అక్కర్లేదు. అనంతపురంలో చూసేవాడికి తెలీదు, ఈ ఊరి ఆచారం ఏమో అనుకుంటాడు. అందుకని మొదటి షాట్‌లోనే గోడకి ఒక క్యాలెండరు తగిలించండి, అందులో మాను మీద పూజారి బొమ్మ కనబడాలి. మెలకువ కట్టుబాటు ప్రేక్షకుడికి ముందే చేరాలి, చేరనిదాన్ని మీరి ప్రయోజనం లేదు.

ఈ కట్ విద్యని శిఖరానికి తీసుకెళ్ళినవాడు జపాన్ దర్శకుడు సతోషి కోన్. 1963లో పుట్టి 2010లో పోయాడు, పూర్తి నిడివి సినిమాలు నాలుగే. 1997 నాటి 'పర్ఫెక్ట్ బ్లూ'లో నాయిక మళ్ళీ మళ్ళీ అదే మంచం మీద లేస్తుంది. మెకే చివరి గడిలో కంచెగా వాడిన మంచాన్నే కోన్ కంచె పీకడానికి వాడాడు. మొదటిసారి లేచినప్పుడు 'అమ్మయ్య, కల' అనుకుంటాం. మూడోసారి లేచేసరికి లేవడాన్నే నమ్మం. పైగా ఆమె టీవీ నాటకంలో నటిస్తుంటుంది కాబట్టి షూటింగ్ దృశ్యం ఒక మూడో పొరగా చేరుతుంది. గమనించండి, ఈ మూడు పొరలకీ రంగులు ఒకటే, గీత ఒకటే. తేడా చూపించి ఉంటే సినిమా పది నిమిషాల్లో అయిపోయేది.

2001లో వచ్చిన 'మిలెనియం యాక్ట్రెస్'లో ముసలి నటి తన కథ చెప్తుంటే, ఇంటర్వ్యూకి వచ్చిన ఇద్దరూ ఆ జ్ఞాపకాల్లోకే నడిచి వచ్చేస్తారు. ఆమె పరిగెడుతుంది. పరుగు ఆగదు, చుట్టూ కాలాలు మారిపోతుంటాయి. ఇందాకటి చెయ్యి చేసిన పనే ఇక్కడ పరుగు చేస్తోంది.

2006లో 'పాప్రికా'. అందరూ అందులోని ఊరేగింపు గురించే మాట్లాడతారు, ఫ్రిజ్‌లూ కప్పలూ బొమ్మలూ వాయిద్యాలతో వీధిన పడే ఊరేగింపు. నిజంగా నేర్చుకోవలసిన చోటు అది కాదు. ప్రయోగశాల పెద్ద, ఆఫీసులో నిలబడి మామూలుగా మాట్లాడుతుంటాడు. లైటు మామూలే, రంగులు మామూలే. వాక్యం మధ్యలో మాటలు తప్పడం మొదలవుతుంది. వ్యాకరణం సరిగ్గానే ఉంటుంది, గొంతు గంభీరంగానే ఉంటుంది, అర్థం మాత్రం ఎటో పోతుంది. తరవాత పరిగెత్తి కిటికీలోంచి దూకేస్తాడు. అంటే కల బొమ్మలోంచి కాదు, డైలాగులోంచి చొరబడింది. ఇందులో ఖర్చు లేదు, ఒక్క బొమ్మ ఎక్కువ గీయలేదు. తక్కువ డబ్బుతో చేసుకునే మనలాంటివాళ్ళకి ఊరేగింపు కంటే ఇదే పనికొస్తుంది.

కలలో ఎంత పరిగెత్తినా ముందుకి కదలలేకపోవడం అందరికీ తెలిసిందే కదా. దాన్ని ఎలా కడతారో చూద్దాం. 1,920 పిక్సెళ్ళ తెరకి మూడు తెరల పొడుగు బ్యాక్‌గ్రౌండు గీయండి, 5,760 పిక్సెళ్ళు. మొదటి తెరా చివరి తెరా అచ్చంగా ఒకటే అయితే, 3,840 పిక్సెళ్ళు జరిగాక అతుకు తెలీకుండా మొదటికి వచ్చేస్తుంది. ఫ్రేముకి 8 పిక్సెళ్ళ చొప్పున జరిపితే 480 ఫ్రేములు, 20 సెకన్లకి ఒక చుట్టు. దారిలో గుర్తుపట్టే వస్తువు ఒక్కటే పెట్టండి, మూసిన షట్టర్ మీద ఎర్ర తాళం అనుకోండి. రెండోసారి కనబడినప్పుడు అనుమానం వస్తుంది, మూడోసారికి గుండె జారుతుంది. రెండు వస్తువులు పెడితే అనుమానం రాదు, బద్ధకించి అదే బొమ్మ మళ్ళీ వాడారనుకుంటారు.

కాళ్ళ లెక్క ఇంకా ముఖ్యం. రెండు అడుగులకి 24 ఫ్రేములు పట్టే నడక అయితే, ఆ లోపల బ్యాక్‌గ్రౌండు 192 పిక్సెళ్ళు జరుగుతుంది. అంటే గీసిన రెండు అడుగుల నిడివి కూడా 192 ఉండాలి. 150 గీస్తే పాదం నేల మీద 42 పిక్సెళ్ళు జారుతుంది. మెలకువలో ఇది తప్పు, కలలో ఇదే ఆయుధం. నడక సైకిల్ ముట్టుకోకుండా బ్యాక్‌గ్రౌండు వేగాన్ని 8 నుంచి 2కి తగ్గిస్తూ రండి, కనీసం 72 ఫ్రేముల్లో, మెట్టు తెలీకుండా. కాళ్ళు అదే జోరు, ఊరు మాత్రం కదలదు. ఒకేసారి తగ్గించారంటే సాఫ్ట్‌వేర్ ఇరుక్కుపోయిందనుకుంటారు. ఇంకో మాట, మనిషి టూస్ మీద ఉన్నా బ్యాక్‌గ్రౌండు ప్రతి ఫ్రేమూ జరగాలి, లేకపోతే పాన్, అంటే ఆ పక్కకి జరిగే కదలిక, దడదడలాడుతుంది. ఆ దడ కలగా కనబడదు, కళ్ళు నొప్పెడతాయంతే.

గీత వణకడం గురించి అడుగుతుంటారు. ఒకే బొమ్మని మూడుసార్లు విడిగా ట్రేస్ చేసి తిప్పుతుంటే గీత బతికున్నట్టు ఉడుకుతుంది. ఒకటి-రెండు-మూడు, ఒకటి-రెండు-మూడు అని వరసగా తిప్పితే లయ తెలిసిపోతుంది, వరస చెదరగొట్టాలి. ముఖం మీద మరీ వణికిస్తే పాత్రకి జ్వరం వచ్చినట్టుంటుంది. రంగు, గీత, పర్‌స్పెక్టివ్ మూడింట్లో మొదట ఒక్కదాన్నే మార్చండి. మూడూ ఒకేసారి మారిస్తే తెర మీద 'కల' అని బోర్డు రాసినట్టే.

అలాగని బోర్డు ఎప్పుడూ తప్పేమీ కాదు. గీతాంజలి రావు 2006లో చేసిన 'ప్రింటెడ్ రెయిన్‌బో' అనే చిన్న చిత్రంలో ఒంటరి ముసలామె గది రంగుల్లేకుండా ఉంటుంది, ఆమె దాచుకున్న అగ్గిపెట్టెల మీది బొమ్మల లోకాలు రంగుల్లో ఉంటాయి. తేడా అంత స్పష్టంగా ఉంది కాబట్టే, ఆమె ఎటువైపు ఉండిపోతుందోనన్న ఆరాటం పుడుతుంది. హద్దు చెరిపి భయపెట్టడం వేరు, హద్దు చూపించి దాటాలనిపించడం వేరు. మీ కథకి ఏది కావాలో ముందు తేల్చుకోండి.

నేల గీత సంగతి ఇంకా బాకీ ఉంది. సీతంపేట వైపు సవర గిరిజనుల ఊళ్ళలో ఎర్రమట్టి గోడ మీద తెల్లటి పిండితో వేసే బొమ్మలు చూసే ఉంటారు. చుట్టూ చట్రం ఉంటుంది, లోపల నేల ఉండదు. మనిషి ఇంటి మీదా, ఏనుగు మనిషి పక్కనా, సూర్యుడు ఎక్కడ ఖాళీ ఉంటే అక్కడా. కలలో వచ్చిన ఆదేశం మీద, ఆ దేవతకి గోడ మీద ఇల్లు కట్టినట్టుగా వీటిని వేయించేవారని వెరియర్ ఎల్విన్ లాంటి పరిశోధకులు రాశారు. కంపోజిషన్ పాఠంగా చూస్తే, చట్రం గట్టిగా ఉంటే లోపల నేల తీసేసినా కన్ను తూలదు. హోరిజాన్ తీసేసిన కల షాట్‌లో మీరు కూడా అంచుల దగ్గర కదలని ఆకారం ఏదో ఒకటి ఉంచండి, కిటికీ చట్రమో, చెట్టు మానో. ఆ సవర బొమ్మల్ని మాత్రం ఎత్తి వాడుకోకండి. అవి పూజకి వేసేవి, డిజైన్ పుస్తకం కాదు.

శబ్దం గురించి ఒక్క ముక్క. కల అనగానే గొంతుకి ఎకో పెట్టడం మానండి. కలలో శబ్దాలు కలపడం కంటే తీసెయ్యడం మేలు. నడుస్తున్న కాళ్ళకి అడుగుల చప్పుడు తీసేసి, దూరంగా కుక్క అరుపు ఉంచి చూడండి. జపాన్ దర్శకుడు మియజాకి 2013 నాటి 'ది విండ్ రైజెస్'లో విమానాల ఇంజన్ల చప్పుళ్ళనీ, భూకంపం ధ్వనినీ మనుషుల నోళ్ళతోనే చేయించారు. అందులో కలకీ మెలకువకీ ఒకే ఊపిరి వినబడుతుంది.

ఇక మెలకువ వచ్చాక మిగిలే వస్తువు. అదే మియజాకి 1988లో తీసిన 'మై నైబర్ టొటొరో'లో, రాత్రి ఆకాశమంత పెరిగిన చెట్టు పొద్దున్నకి ఉండదు, పిల్లలు పాతిన గింజలు మాత్రం నిజంగానే మొలకెత్తి ఉంటాయి. చెట్టు మిగిలితే మాయ అయ్యేది, ఏమీ మిగలకపోతే కల అయ్యేది. మన అభ్యాసంలో మిగిలేది ఏమిటి? సంబరంలో జనం మాను మీదకి అరటిపళ్ళు విసురుతారు కదా, దిండు పక్కన ఒక అరటిపండు ఉంచండి. ఒక్కటే. పాప దాన్ని చూసి ఆశ్చర్యపోకూడదు, ఎవరూ దాని గురించి మాట్లాడకూడదు, క్లోజప్ అసలే వద్దు. దోమతెర అంచులు మాత్రం పరుపు కింద దోపి ఉన్నాయని మొదటి షాట్‌లోనే చూపించండి. లేకపోతే తమ్ముడు పెట్టాడనుకుంటారు.

ప్రశ్నలుంటే అడగండి.

(ఒక విద్యార్థి: సార్, కలని కలలాగ చూపించకపోతే జనానికి ఏటి తెలుస్తాది? మా ఊళ్ళో అందరికీ అర్థం అవ్వాల కదా.)

మంచి ప్రశ్నమ్మా. అర్థం కావాలి, ఎప్పుడు అన్నదే లెక్క. కలలో ఉన్నవాడికి కల అని తెలీదు. మీ పాత్రతో పాటు ప్రేక్షకుడూ తెలీకుండా నడవాలంటే, తరవాత తెలియాలి. పాత్ర కంటే ముందే తెలిసి కంగారు పడాలంటే, ముందే తెలియాలి. ఎప్పటికీ తెలీకపోతే మాత్రం ఇల్లు చేరాక తిడతారు, అందులో వాళ్ళ తప్పు లేదు.

(మరో విద్యార్థి: చివర్లో అంతా కల అని చెప్పేస్తే?)

ఖర్చు పెట్టించి డబ్బు వాపసు ఇచ్చేసినట్టు ఉంటుంది నాన్నా, ఏదీ కొన్నట్టుండదు. తప్పదనుకుంటే, కలలో చేసిన పనికి మెలకువలో నష్టమో లాభమో ఏదో ఒకటి తగలాలి.

(ఇంకొకరు: ఏఐ వీడియోలతో కలలు ఇట్టే వచ్చేస్తున్నాయి కదండీ?)

వస్తున్నాయి. వేళ్ళు కరగడం, గోడ పాకడం అడక్కుండానే చేస్తాయి. అయిదు షాట్లలో పాప జడ ఒకే భుజం మీద, దోమతెరకి మాటు ఒకే చోట, నీడ ఒకే వైపు ఉంచమనండి, అక్కడ తడబడతాయి. అంటే కల చవకైపోయింది, మెలకువ ఖరీదు అలాగే ఉంది. మొదట చెప్పిన చిక్కే, ఇంకొంచెం ముదిరింది.

సాఫ్ట్‌వేర్‌కి డబ్బు పెట్టకండి. ఓపెన్‌టూంజ్, క్రిటా, బ్లెండర్ మూడూ ఉచితం. 2024లో వచ్చిన 'ఫ్లో' సినిమా బ్లెండర్‌లో చేసిందే, ఆస్కార్ కూడా వచ్చింది. కాగితం మీద చేసేవాళ్ళకి అద్దం ముక్క, కింద ఎల్‌ఈడీ బల్బు, కాగితాలు కదలకుండా పెగ్ బార్ చాలు. ఫోను స్టాండుకి బిగించి, ఫోకసూ ఎక్స్‌పోజరూ లాక్ చెయ్యండి. లాక్ చెయ్యకపోతే ఫ్రేము ఫ్రేముకీ వెలుగు మారి మినుకుమంటుంది.

96 బొమ్మలూ గీసే ముందు, షాట్‌కి రెండు మూడు బొమ్మలతో యానిమాటిక్, అంటే కచ్చా వీడియో, కట్టి, కథ తెలీని మనిషికి ఒక్కసారి చూపించండి. కల ఎక్కడ మొదలైందని అడగండి. షామియానా కట్ దగ్గరే అంటే డప్పులు ఇంకో 12 ఫ్రేములు ముందుగా మొదలెట్టండి. మాను మీద పాప కనబడ్డాక అంటే సరిగ్గా ఉంది. అసలు కలే లేదన్నారంటే క్యాలెండరు వాళ్ళ కంటికి ఆనలేదన్నమాట, పెద్దది చేసి వెలుగు పడే వైపుకి మార్చండి. వచ్చేసారి బొమ్మలతో పాటు డోప్ షీట్, అంటే ఏ ఫ్రేములో ఏ బొమ్మో రాసుకునే పట్టిక, కూడా తీసుకురండి, బొమ్మలొక్కటే తెస్తే తప్పు ఏ ఫ్రేములో ఉందో చెప్పడం కుదరదు.